చూచిరాత

మా అత్తగారికి ఇంగ్లీషు అంతంతమాత్రం. నా ఏడేళ్ళ చదువును కూలదోయడానికి ఆవిడకి ఆ కాస్త ఇంగ్లీషు కూడా అవసరం పడలేదు. ఇన్నేళ్ళ తర్వాత ఈ మాట రాస్తుంటే మళ్ళీ ఆవిడ మీద కోపం వస్తోంది. ఆవిడ తప్పేమీ లేదని తెలుసు. తెలిసీ వస్తోంది.

మేం డెబ్భైల చివర్లో న్యూజెర్సీ వచ్చాం. మా ఆయన ఇంజనీరు, పార్సిప్పనీలో ఉద్యోగం. నేను గుంటూరులో ఒక ఆడపిల్లల కాలేజీలో రెండేళ్ళు ఇంగ్లీషు పాఠాలు చెప్పి వచ్చినదాన్ని. అపార్ట్‌మెంట్ కిటికీలోంచి పార్కింగ్ లాట్ చూస్తూ ఏడాది గడిపాక, ఇంకో ఏడాది ఇలాగే గడిపితే పిచ్చెక్కుతుందని భయం వేసి యూనివర్సిటీలో పీహెచ్‌డీకి అప్లై చేశాను. సీటు వచ్చింది. నేను ఎంచుకున్న విషయం పద్దెనిమిదో శతాబ్దం. ఇంగ్లండులోనూ, అప్పటికి దాని చేతికింద ఉన్న అమెరికా కాలనీల్లోనూ జనం రాజ్యం గురించి, స్వేచ్ఛ గురించి ఏమనుకున్నారు, అది వాళ్ళ రాతల్లోకి ఎలా వచ్చింది అన్నది నేను తేల్చాల్సిన సంగతి.

ఆ శతాబ్దంలో రాజకీయం మాట్లాడినవాళ్ళందరూ తిరిగి తిరిగి ఇంటి దగ్గరికే వచ్చేవారు. రాజు తండ్రిలాంటివాడు, ఎదురు చెప్పకూడదు అని ఒక పక్షం. మేం ఒప్పుకున్నాం కాబట్టి రాజయ్యాడు, ఒప్పుకోకపోతే దిగిపోవాలి అని ఇంకో పక్షం. ఇంగ్లండు మాకు తల్లే కావచ్చు, పెరిగి పెద్దయిన బిడ్డని చెయ్యి పట్టుకుని లాక్కుపోతానంటే ఊరుకుంటామా అని కాలనీలవాళ్ళు కరపత్రాలు వేశారు. ఇదంతా మగవాళ్ళ గోల. రాజు తండ్రి కాడని గొంతు చించుకున్న ఆ పెద్దమనుషులే సాయంత్రం ఇంటికెళ్ళి కూతుళ్ళ దగ్గర రాజుల్లా కూర్చునేవారు. పక్కగదిలోంచి ఆ మాటలన్నీ విన్న కూతురు ఏమనుకుని ఉంటుంది? ఆ కూతురు రాసిన కాగితం ఒక్కటి దొరికినా చాలని చాలామంది వెతికారు. అది నాకు దొరికిందనుకున్నాను.

మా ఊరికి గంట దూరంలో ఒక పాత చెక్క ఇంట్లో ఆ జిల్లా చరిత్ర సంఘం ఉండేది. శనివారాలు మాత్రమే తెరిచేవారు. తెల్లజుట్టు ముసలావిడ ఒకావిడ జీతం లేకుండా అక్కడ పనిచేసేది. ఆవిడ అటక మీదినుంచి దించి ఇచ్చిన ఒక అట్టపెట్టెలో, ఆ చుట్టుపక్కల భూములున్న ఒక పాత కుటుంబం కాగితాల మధ్య, పద్నాలుగు ఉత్తరాలున్నాయి. అన్నీ ఒక అమ్మాయి తన తండ్రికి రాసినవి. తండ్రి ఎవరికో ఇచ్చి పెళ్ళి చేస్తానన్నాడు, ఈ అమ్మాయి వద్దంటోంది. ఆ వద్దనడం మామూలుగా లేదు. నా అంగీకారం లేకుండా నన్ను ఒకరికి అప్పగించే అధికారం మీకు ఎక్కణ్ణుంచి వచ్చిందని అడుగుతోంది. నిరంకుశుడికి లోబడటం ధర్మం కాదని మీరే కదా అతిథుల ముందు అన్నారు, ఇంట్లో ఆ మాట ఎందుకు చెల్లదని అడుగుతోంది. ఆ కుర్చీలో కూర్చుని చదువుతుంటే నా ఒళ్ళు ఝల్లుమంది. మగవాళ్ళు రాజుని అడిగిన ప్రశ్నని ఒక పల్లెటూరి అమ్మాయి సొంతంగా తన తండ్రి మీదికి తిప్పింది. నా థీసిస్ మొత్తం ఆ రోజే, ఆ కుర్చీలోనే తయారైపోయింది.

అక్కడ పెన్ను వాడనివ్వరు. పద్నాలుగు ఉత్తరాలూ పెన్సిల్‌తో రాసుకోవడానికి నాకు ఆరు శనివారాలు పట్టింది. ఆరు శనివారాలూ మా ఆయనే డ్రైవ్ చేశారు. నేను లోపల రాసుకుంటుంటే ఆయన బయట కార్‌లో కూర్చుని, థర్మాస్‌లో కాఫీ తాగుతూ పేపరు చదువుకునేవారు. తిరిగొచ్చేటప్పుడు ఆ అమ్మాయి కబుర్లు చెప్పించుకునేవారు. ఒక దేశంలో నోరెత్తకుండా ఉంటూ, దాని రోడ్ల మీద నడుస్తూ, దాని చల్లని నీడలో బతికినవాడు ఆ ప్రభుత్వాన్ని ఒప్పుకున్నట్టే లెక్క అని ఆ కాలంలో ఒక వాదం ఉండేదని ఒకసారి చెప్పాను. అది ఆయనకి తెగ నచ్చింది.

"అంటే నువ్వు నా కార్ ఎక్కి ఇన్నేళ్ళు తిరిగావు కాబట్టి నేనేం చేసినా ఒప్పుకున్నట్టేగా," అన్నారు.

"దిగిపోయే హక్కు కూడా ఉందండీ," అన్నాను.

"హైవే మీదా?" అని నవ్వారు. నేనూ నవ్వాను. అప్పట్లో మేం బాగానే నవ్వేవాళ్ళం.

మా ప్రొఫెసర్ గారు ఆ ఉత్తరాలు మొదటినుంచి చివరిదాకా రెండుసార్లు చదివారు. ఆయన పాండిత్యం ఆ శతాబ్దపు వ్యంగ్య కవిత్వంలో. ఇలాంటి ఇంటి కాగితాలు ఆయనకీ కొత్తే. ఇది నీ జీవితాన్ని మార్చే సంగతి అన్నారు. అది మాత్రం నిజమైంది.

నేను ఎంత తెలివిగా రాశానో ఇప్పుడు చెబితే సిగ్గేస్తుంది. ఉత్తరాల్లో ఆ పెళ్ళికొడుకు పేరు ఎక్కడా లేదు. పేరు రావాల్సిన చోటల్లా ఒక గీత ఉంది. వాడి పేరు రాయడానికి కూడా ఆమె చెయ్యి ఒప్పుకోలేదని, ఆ గీత ఆమె తిరుగుబాటు జెండా అని నాలుగు పేజీలు రాశాను. మే నెల ఉత్తరంలో ససేమిరా అన్నది, సెప్టెంబరు ఉత్తరంలో, మీ మాటే నా మాట నాన్నగారూ, నా ఇష్టాన్ని మీ పాదాల దగ్గర పెడుతున్నాను అని లొంగిపోయింది. ఆ నాలుగు నెలల్లో ఆ ఇంట్లో ఏం జరిగి ఉంటుందో ఒక అధ్యాయం నింపేశాను. అందులో కొన్ని పేజీలు ఏడుస్తూ రాశాను. ఆ ఉత్తరాలకి మడత గుర్తులు లేవు, లక్క ముద్ర లేదు. ఆ కాలంలో ఉత్తరాన్నే మడిచి, లక్క పెట్టి పంపేవారు, కవర్లు ఉండేవి కావు. దానికీ నా దగ్గర జవాబుంది. ఇవి ఆమె దాచుకున్న చిత్తుప్రతులు, అసలువి తండ్రికి వెళ్ళిపోయాయి అని ఫుట్‌నోట్ పెట్టాను.

ఇంతలో మా ఆయనకి దేశానికి అవతలి చివర, శాంటా క్లారాలో పెద్ద కంపెనీ నుంచి ఆఫర్ వచ్చింది. వెళ్తే నా చదువు గంగలో కలుస్తుందని ఆయనే వద్దన్నారు. అప్పుడు మా మధ్య ఒక ఒప్పందం కుదిరింది. నేను థీసిస్ ముగిస్తే, నాకు ఉద్యోగం ఎక్కడొస్తే అక్కడికి ఇద్దరం వెళ్తాం. యూనివర్సిటీ ఇచ్చిన గడువు లోపల ముగించలేకపోతే, ఆయన ఉద్యోగం ఎక్కడుంటే అక్కడికి. కాగితం మీద రాసుకోలేదు గానీ ఇద్దరం ఆ మాట మీదే నిలబడ్డాం. గడువు వచ్చే వసంతంతో అయిపోతుంది. చివరి అధ్యాయం ఒక్కటే మిగిలింది. శాంటా క్లారా వాళ్ళు ఆ చలికాలం మళ్ళీ ఫోన్ చేశారు.

మా అత్తగారు వచ్చింది అప్పుడే, ఆరు నెలలుండి వెళ్దామని. తెనాలి దగ్గర ఎలిమెంటరీ స్కూల్లో ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పి రిటైరైన మనిషి. ఊరికే కూర్చోవడం చేతకాదు. ఇల్లు సర్దేవారు, సర్దిన ఇంటిని మళ్ళీ సర్దేవారు. ఒక మధ్యాహ్నం నేను డైనింగ్ టేబుల్ నిండా ఆ ఉత్తరాల ఫోటోకాపీలు పరుచుకున్నాను. థీసిస్ చివర జత చేసుకోవడానికి సంఘంలో ముసలావిడ ఎట్టకేలకు కాపీలు తీసుకోనిచ్చింది. అత్తగారు బీన్స్ గిన్నె పట్టుకుని ఎదురుగా కూర్చున్నారు. ఈనెలు తీస్తూ తీస్తూ ఒక కాగితం తనవైపు తిప్పుకున్నారు.

"ఏమ్మా, ఇది ఏ క్లాసు పిల్లది?"

"పిల్ల కాదత్తయ్యా. రెండు వందల ఏళ్ళ కిందటి మనిషి. వాళ్ళ నాన్నకి రాసుకున్న ఉత్తరాలు."

"ఉత్తరాలా? నేను చూచిరాత అనుకున్నానే," అని ఇంకో కాగితం తీసుకున్నారు, ఇంకోటి తీసుకున్నారు. "ఇదీ అంతే. ఇదిగో చూడు, కింద సన్నగా గీతలు కొట్టుకుంది. అక్షరాలన్నీ ఒకే ఎత్తు. మనసులోది రాసేవాళ్ళ చెయ్యి ఒకచోట ఆగుతుంది, ఒకచోట పరిగెడుతుందమ్మా. ఈ పిల్ల పక్కన ఏదో పెట్టుకుని చూసి రాసింది."

"ఇవి చిత్తుప్రతులు. అసలువి వాళ్ళ నాన్నకి పంపించేసింది," అన్నాను. నా గొంతు అప్పటికే మారింది.

"చిత్తుప్రతిలో ఒక్క కొట్టివేతైనా ఉండదటమ్మా?" అన్నారావిడ. ఎత్తిపొడుపు లేదు. నిజంగానే అడిగారు.

నాకు ఒళ్ళు మండిపోయింది. "మీరు ఒకటో తరగతి పలకలు దిద్దిన చూపుతో దీన్ని చూడకండత్తయ్యా. ఇందులో ఏముందో మీకు చదవడం కూడా రాదు కదా," అన్నాను. ఆవిడ కాగితాన్ని ఎక్కడినుంచి తీశారో సరిగ్గా అక్కడే పెట్టి, బీన్స్ గిన్నె తీసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయారు.

మర్నాడు పొద్దున్నే లైబ్రరీకి వెళ్ళాను. ఆవిడ తప్పని నిరూపించడానికే వెళ్ళాను. ఆ శతాబ్దంలో ఉత్తరాలు ఎలా రాయాలో నేర్పే చిన్న చిన్న పుస్తకాలుండేవి. కొడుకు తండ్రికి డబ్బడుగుతూ, సేవకుడు యజమానికి క్షమాపణ చెబుతూ, ప్రియుడు ప్రియురాలికి, ఇలా సందర్భానికొక నమూనా. అవి ఉండేవని నాకు తెలుసు, మొదటి అధ్యాయంలో రెండు వాక్యాల్లో చెప్పాను కూడా. తెరిచి చూడలేదు. మైక్రోఫిల్మ్ మెషీన్ ముందు కూర్చుని ఒక్కో రీలూ తిప్పుతూ మూడు రోజులు చూశాను. ఏమీ దొరకనప్పుడల్లా లోపల ఎగిరి గంతేసేదాన్ని. నాలుగో రోజు, లండన్లో వేసి ఫిలడెల్ఫియాలో మళ్ళీ వేసిన ఒక బుల్లి పుస్తకంలో, పెళ్ళి వద్దంటూ కూతురు తండ్రికి రాసిన ఉత్తరం కనబడింది. మాట పొల్లుపోలేదు. మే నెల అని కూడా అచ్చులోనే ఉంది. పేరు దగ్గర గీత ఉంది, కొనుక్కున్నవాళ్ళు ఎవరికి కావాల్సిన పేరు వాళ్ళు రాసుకోవడానికి. ఎదురు పేజీలో ఇంకో ఉత్తరం. ముందు నమూనా పనికిరాని వాళ్ళకి, అదే కూతురు తండ్రి మాటకి తలవంచే నమూనా. సెప్టెంబరు.

నా నాలుగు నెలలు ఎదురెదురు పేజీలు. మిగతా పన్నెండు ఉత్తరాలూ ముందు వెనక పేజీల్లోనే ఉన్నాయి. మెషీన్ ఆపేసి ఆ చీకటి తెరకేసి చూస్తూ కూర్చున్నాను. ఏడుపు రాలేదు. కాసేపటికి రీలు చుట్టి డబ్బాలో పెట్టి, కౌంటర్ దగ్గర తిరిగిచ్చేశాను.

ఇది నాలాంటివాళ్ళు మాత్రమే చేయగలిగిన తప్పని తర్వాత అర్థమైంది. తెలుగు ఉత్తరం అంటే ఏమిటో నాకు తెలియదా? ఉభయకుశలోపరి అని మొదలుపెట్టి, ఇచ్చట మేమంతా క్షేమం, అచ్చట మీరంతా క్షేమమని తలుస్తాను అని రాయడం ఎనిమిదేళ్ళప్పుడే నేర్చుకున్నాను. ఇక్కడికొచ్చాక మూడో నెలలో నాకు గర్భం పోయిన వారం కూడా మా అమ్మకి నీలం ఏరోగ్రామ్ మీద ఆ వాక్యమే రాశాను. తెలుగులో రాసినది అలవాటు, ఇంగ్లీషులో రాసినది మనసు అని నేను ఎప్పుడు నమ్మడం మొదలుపెట్టానో తెలియదు. స్వేచ్ఛ, అంగీకారం, హక్కు అనే మాటలు నాకు ఇంగ్లీషులోనే దొరికాయి కాబట్టి, ఆ భాషలో ఎవరు ఏ మాటన్నా గుండెల్లోంచే అంటారనుకున్నాను. వాళ్ళకీ ఉభయకుశలోపరి ఉంటుందని తోచలేదు.

ఆ శనివారం మళ్ళీ పెట్టె దించమన్నాను. పద్నాలుగు ఉత్తరాల్లో ఒక్క కొట్టివేత, ఒక్క సిరా మరక, ఆమె సొంతంగా మార్చిన ఒక్క మాట కోసం భూతద్దం పెట్టి వెతికాను. లేదు. ఆ పెట్టె మొత్తంలో కొట్టివేతలున్న కాగితం ఒక్కటే. తండ్రి తన ఆస్తిని రాసిపెట్టుకున్న జాబితా. ఆవులకీ రాగి బిందెలకీ మధ్య ఒక నల్లజాతి బానిస పనిమనిషి ఉంది. ఆమె వయసు మొదట ఒకటి వేసి, కొట్టేసి, ఆలోచించి ఇంకోటి వేశాడు. ఆ కాగితం నేను మొదటి శనివారమే చూశాను. నిరంకుశుడికి లోబడొద్దన్న మనిషి ఇంట్లోనే ఈ జాబితా ఉందని తెలిసి, ఫుట్‌నోట్‌లో ఒక వాక్యం రాసి పక్కన పెట్టేశాను. పెట్టెలో నిజంగా ఒకరి చేతిలోంచి వచ్చిన కాగితం అదొక్కటే, దాన్నే వదిలేశాను. నేను ఎలాంటి చదువరినో ఆ రోజు తెలిసింది.

ప్రొఫెసర్ గారు ఓపిగ్గా విన్నారు. "ఆ రోజుల్లో అందరూ చూసి రాసుకునేవారు. అది తప్పు కాదు. కానీ నీ థీసిస్ నిలబడింది ఇది ఆమె సొంత గొంతు అన్నదాని మీద," అన్నారు.

"ఆమెకి నిజంగానే ఆ కష్టం వచ్చి, మాటలు దొరక్క పుస్తకంలోంచి తెచ్చుకుందేమో. అలా రాయొచ్చు కదా?" అన్నాను. బతిమాలుతున్నట్టే ఉంది నా గొంతు.

"రాయొచ్చు. ఏ ఆధారంతో?"

పన్నెండేళ్ళ పిల్ల చేతిరాత దిద్దుకుంటూ రాసినా, పెళ్ళికి ముందు గది తలుపేసుకుని ఒక ఆడది రాసినా ఆ కాగితం ఒకేలా ఉంటుంది. ఆ జాబితా పట్టుకుని కొత్తగా మొదలుపెట్టమన్నారాయన. గడువు ఇంకో ఏడాది పొడిగించమని అడుగుతానన్నారు. మంచి మనిషి. ఏడాదిలో అయ్యే పని కాదని ఆయనకీ తెలుసు. నాకైతే ఆ పనిమనిషి గురించి రాసే అర్హత కూడా లేదనిపించింది.

ఇంటికొచ్చి మా ఆయనకి అంతా చెప్పాను. ఆయన చాలాసేపు నా చెయ్యి పట్టుకుని కూర్చున్నారు. శాంటా క్లారా ఊసు ఎత్తలేదు. నేనే ఎత్తాను. "వెళ్దామండీ. సోమవారం వాళ్ళకి యెస్ చెప్పేయండి," అన్నాను.

"నిజంగా ఇష్టమేనా? నాకోసం అనకు. నీకు వద్దంటే వద్దు, ఇక్కడే ఉందాం."

"మీ ఇష్టమే నా ఇష్టం," అన్నాను. అన్నాక తెలిసింది అది సెప్టెంబరు ఉత్తరమని. ఆయనకి ఆ పేజీ గుర్తులేదు. ఆయన మొహంలో రిలీఫ్ కనబడింది, దాన్ని దాచుకోవడానికి కిటికీ వైపు తిరిగారు. ఆయన మీద కోపం తెచ్చుకోవడానికి ఏ కారణమూ దొరకలేదు. దొరికుంటే బాగుండేది.

ఇంక మిగిలింది డిపార్ట్‌మెంట్‌కి ఉత్తరం. పీహెచ్‌డీ మానుకుంటున్నానని రాసివ్వాలి. టైప్‌రైటర్ అప్పటికే అట్టపెట్టెలోకి వెళ్ళిపోయింది. డైనింగ్ టేబుల్ దగ్గర తెల్లకాగితం పెట్టుకుని పొద్దున్నుంచి కూర్చున్నాను. ఏడేళ్ళు ఆ భాషలో వందల పేజీలు రాసినదాన్ని, ఒక్క వాక్యం రాలేదు. రాసింది అబద్ధంలా ఉండేది, చించేసేదాన్ని. చివరికి లేచి, మా ఆయన ఉద్యోగాల కోసం అప్లై చేసే రోజుల్లో కొన్న బిజినెస్ ఉత్తరాల పుస్తకం తెచ్చుకున్నాను. అందులో విరమణ ఉత్తరానికి నమూనా ఉంది. అనివార్యమైన కుటుంబ కారణాల వల్ల, ఎంతో విచారంతో, మీరు చూపిన ఆదరణకి కృతజ్ఞతలతో. పుస్తకం ఎడమ పక్కన తెరిచి పెట్టుకుని చూసి రాశాను.

రాస్తున్నంతసేపూ ఏడుస్తూనే ఉన్నాను. ఆ నమూనా రాసినవాడెవడో గానీ, విచారం అనే మాట దగ్గరికి వచ్చేసరికి నాకు ఎక్కిళ్ళు వచ్చాయి. కాగితం తడవకుండా దూరంగా జరిపి, పైట కొంగుతో మొహం తుడుచుకుని, మళ్ళీ దగ్గరికి లాక్కుని రాశాను. ఆ అమ్మాయి కూడా ఇలాగే రాసిందని అప్పుడు నాకు నిశ్చయంగా తెలిసింది. ఎవరికీ నిరూపించలేనని కూడా అంతే నిశ్చయంగా తెలిసింది. నా కాగితమే ఎవరైనా రెండు వందల ఏళ్ళ తర్వాత పెట్టెలోంచి తీస్తే, పక్కన ఆ పుస్తకం కూడా దొరికితే, ఒక ఆడమనిషి ఇంగ్లీషు దస్తూరీ దిద్దుకుందనుకుంటారు.

అత్తగారు కాఫీ తెచ్చి పక్కన పెట్టారు. నేను ఆవిణ్ణి అన్న మాటకి అప్పటికీ క్షమాపణ అడగలేదు, ఆ తర్వాతా అడగలేదు. ఆవిడ కళ్ళజోడు సర్దుకుని, వంగి నా ఉత్తరాన్ని పైనుంచి కిందిదాకా చూశారు.

"ఎంత చక్కగా రాశావమ్మా. ఒక్క కొట్టివేత కూడా లేదు," అన్నారు.

నేను కాఫీ తాగి, కవరు అంటించాను.